టేపు దొరికింది, నేరానికి పేరు దొరకలేదు: హన్సీ క్రోన్యే కేసు

హైదరాబాద్‌లో క్రిమినల్ ప్రాక్టీసు నాది. వచ్చే ఫైళ్లలో మోసం కేసులే ఎక్కువ. చిట్టీలు ఎత్తేసినవాళ్లు, ఒకే ప్లాటు ఇద్దరికి రిజిస్టర్ చేసినవాళ్లు, ఉద్యోగం ఇప్పిస్తామని డబ్బు తీసుకున్నవాళ్లు. సెక్షన్ 420 ఎక్కడ నిలబడుతుందో, ఎక్కడ కూలిపోతుందో జూనియర్లకు చెప్పాల్సి వచ్చినప్పుడు నేను ఈ ఫైళ్లను పక్కన పెట్టి 2000 నాటి దక్షిణాఫ్రికా క్రికెట్ కెప్టెన్ హన్సీ క్రోన్యే మ్యాచ్ ఫిక్సింగ్ కేసు తీస్తాను. ఆ కేసులో టేపు ఉంది, నిందితుడి ఒప్పుకోలు ఉంది, డబ్బు చేతులు మారిన సంగతి ఉంది, డబ్బు ఇస్తామన్నారని చెప్పిన ఆటగాళ్లూ ఉన్నారు. మామూలు కేసులో ఇందులో సగం దొరికినా పబ్లిక్ ప్రాసిక్యూటరు నిశ్చింతగా ఉంటాడు. అయినా ఢిల్లీ పోలీసులు ఛార్జిషీటు వేయడానికే పదమూడేళ్లు పట్టింది. పోలీసుల అలసత్వం కొంత ఉంది, కాదనను. అసలు చిక్కు మాత్రం చట్టంలో ఉంది. దాని గురించే ఈ వ్యాసం.

ముందు జరిగింది చెప్తాను.

2000 ఫిబ్రవరి, మార్చి నెలల్లో దక్షిణాఫ్రికా జట్టు మన దేశానికి వచ్చింది. ముంబై, బెంగళూరు టెస్టులు రెండూ గెలిచింది. తర్వాత కొచ్చి, జంషెడ్‌పూర్, ఫరీదాబాద్, వడోదర, నాగ్‌పూర్‌లలో ఐదు వన్డేలు ఆడి సిరీస్ 3-2తో ఓడిపోయింది. అదే సమయంలో ఢిల్లీ క్రైమ్ బ్రాంచ్ బెదిరింపు వసూళ్ల కేసు ఒకటి దర్యాప్తు చేస్తూ కొన్ని ఫోన్లు వింటోంది. ఎవరో వ్యాపారిని బెదిరించే గొంతు కోసం చెవి పెట్టిన పోలీసులకు క్రికెట్ మాటలు వినిపించాయి. ఎవరు ఆడుతున్నారు, ఎవరితో మాట్లాడాను, దక్షిణాఫ్రికా బ్యాట్స్‌మన్ గిబ్స్ ఎన్ని పరుగుల లోపు అవుటవ్వాలి, ఎవరికి ఎంత ఇవ్వాలి. ఒక గొంతు లండన్‌లో ఉంటున్న, పందేలు నడిపే బుకీగా ఆరోపణలున్న సంజీవ్ చావ్లాదని, రెండోది దక్షిణాఫ్రికా కెప్టెన్‌దని పోలీసులు తేల్చారు. ఏప్రిల్ 7న ప్రెస్‌మీట్ పెట్టి ప్రకటించారు.

మొదటి నాలుగు రోజులు ఎవరూ నమ్మలేదు. క్రోన్యే అంటే ఆ దేశంలో క్రమశిక్షణకు, దైవభక్తికి మారుపేరు. తన స్థానంలో యేసు ఉంటే ఏం చేసేవాడో గుర్తుచేసే అక్షరాలున్న బ్యాండు మణికట్టుకు కట్టుకుని తిరిగేవాడు. 53 టెస్టులకు కెప్టెన్సీ చేసి 27 గెలిపించాడు. వర్ణవివక్ష ముగిసిన కొత్త దేశానికి ఆ జట్టు ఒక ప్రతీక. దక్షిణాఫ్రికా బోర్డు అతని వెనక నిలబడింది. ఢిల్లీ పోలీసులే ఏదో కట్టుకథ అల్లారని అక్కడి పత్రికలు రాశాయి, ఇక్కడ కూడా అలా అనుకున్నవాళ్లు ఉన్నారు. ఏప్రిల్ 11 తెల్లవారుజామున క్రోన్యే తనంతట తానే బోర్డు ముఖ్యుడు అలీ బాకర్‌కు ఫోన్ చేసి, తాను పూర్తి నిజం చెప్పలేదని ఒప్పుకున్నాడు. కెప్టెన్సీ ఆ రోజే పోయింది.

జూన్‌లో కేప్‌టౌన్‌లో జడ్జి ఎడ్విన్ కింగ్ కమిషన్ విచారణ మొదలైంది. నిజమంతా చెబితే దక్షిణాఫ్రికాలో ప్రాసిక్యూషన్ ఉండదన్న షరతు మీద క్రోన్యే సాక్ష్యమిచ్చాడు. అక్కడ బయటపడ్డవాటిని ఒక లాయరుగా చదువుతుంటే ఇప్పటికీ ఆశ్చర్యమే. 1996 కాన్పూర్ టెస్టులో ఓడిపోవడానికి ఒక బుకీ దగ్గర 30 వేల డాలర్లు తీసుకున్నానన్నాడు. అదే ఏడాది చివర ముంబైలో జరిగిన సహాయార్థ మ్యాచ్ ఓడిపోతే 2 లక్షల డాలర్లు ఇస్తామన్న బేరాన్ని ఏకంగా టీమ్ మీటింగ్‌లోనే చర్చకు పెట్టారు. ఆటగాళ్లు వద్దన్నారు. 2000 జనవరిలో సెంచూరియన్ టెస్టు మూడు రోజులు వానకు పోతే, ఫలితం వచ్చేలా రెండు జట్లూ చెరో ఇన్నింగ్స్ వదులుకుని ఆడాయి. దాన్ని అప్పట్లో క్రీడాస్ఫూర్తి అని మెచ్చుకున్నవాళ్లున్నారు. ఆ ఆలోచన వెనక మార్లన్ ఆరన్‌స్టమ్ అనే పందెంరాయుడు ఉన్నాడని, అతని దగ్గర క్రోన్యే సుమారు 50 వేల రాండ్లు, ఒక లెదర్ జాకెట్ పుచ్చుకున్నాడని తేలింది. సంజీవ్ చావ్లా మొదటి పరిచయంలోనే ఒక మొబైల్ ఫోన్ పెట్టె చేతిలో పెట్టాడట, అందులో పది పదిహేను వేల డాలర్లు.

నాగ్‌పూర్ వన్డే మన చర్చకు కీలకం. మార్చి 19 ఉదయం క్రోన్యే హోటల్లో హర్షెల్ గిబ్స్, బౌలర్ హెన్రీ విలియమ్స్ ఉన్న గదికి వెళ్లాడు. గిబ్స్ 20 పరుగుల లోపు అవుటైతే 15 వేల డాలర్లు, విలియమ్స్ పది ఓవర్లలో 50కి పైగా పరుగులిస్తే 15 వేల డాలర్లు, జట్టు స్కోరు 270 దాటకూడదు. ఇదీ బేరం. టేపులో తలకు 25 వేలన్న మాట ఉంది, మిగతాది ఎవరి జేబులోకి వెళ్లాలో ఊహించుకోవచ్చు. ఇద్దరూ సరేనన్నారు. తీరా మైదానంలో గిబ్స్ 53 బంతుల్లో 74 కొట్టాడు. విలియమ్స్ రెండో ఓవర్లోనే భుజం నొప్పితో బయటికి వెళ్లిపోయాడు. దక్షిణాఫ్రికా 320 చేసి 10 పరుగులతో గెలిచింది. అంటే ఒప్పందం కుదిరింది, అమలు కాలేదు. దక్షిణాఫ్రికా బోర్డు గిబ్స్, విలియమ్స్‌లను ఆరు నెలలు ఆటకు దూరం పెట్టి జరిమానా వేసింది. క్రోన్యేపై జీవితకాల నిషేధం పడింది.

ఈ వాస్తవాలను మన శిక్షాస్మృతి ముందు పెడదాం. అప్పటి ఐపీసీ 420 కింద నేరం రుజువు కావాలంటే ఒక మనిషిని మోసపుచ్చాలి, ఆ మోసం వల్ల అతను ఆస్తి అప్పగించాలి, అలా అప్పగించేలా చేయాలన్న దుర్బుద్ధి నిందితుడికి మొదటినుంచీ ఉండాలి. చిట్టీ కేసులో ఇవన్నీ సులువుగా కనిపిస్తాయి: లక్ష్మిగారు డబ్బు కట్టింది, నిర్వాహకుడు ఎత్తేసే ఉద్దేశంతోనే కట్టించుకున్నాడు. నాగ్‌పూర్‌లో ఎవరు లక్ష్మిగారు? టికెట్ కొన్న ప్రేక్షకుడా? అతను టికెట్ కొన్న రోజుకి ఆ బేరం ఇంకా పుట్టనే లేదు. బేరం కుదిరింది మ్యాచ్ రోజు ఉదయం. క్రోన్యే మాటకో చేతకో అతను డబ్బు ఇవ్వలేదు. పోనీ, బోర్డు మోసపోయిందా? జీతం కాంట్రాక్టు ప్రకారం ఇచ్చింది, ఆ జట్టు గెలిచింది కూడా. పందెం కాసి ఓడిపోయినవాడా? పందెమే చట్టవిరుద్ధం కాబట్టి అతను ఫిర్యాదుకు రాడు. డిఫెన్స్ లాయరుగా నాకు ఈ కేసు వచ్చి ఉంటే మొదటి వాదన ఇదే: మోసపోయిన మనిషి పేరు చెప్పండి.

ప్రాసిక్యూషన్‌కు ఒక దారి ఉంది, దాన్ని ఎవరూ సరిగ్గా పట్టుకోలేదని నా అభిప్రాయం. సెక్షన్ 120ఎ ప్రకారం కుట్ర అంటే నేరం చేయాలన్న ఒప్పందం ఒక్కటే కాదు, చట్టవిరుద్ధమైన పని చేయాలన్న ఒప్పందం కూడా. చట్టవిరుద్ధం అంటే ఏమిటో సెక్షన్ 43 చెబుతుంది: నేరమైనది, చట్టం నిషేధించినది, సివిల్ దావాకు కారణమయ్యేది. డబ్బు తీసుకుని కావాలని అవుటవ్వడం బోర్డుతో ఉన్న కాంట్రాక్టును ఉల్లంఘించడమే, దావాకు తప్పకుండా కారణమవుతుంది. అయితే ఈ రెండో రకం కుట్రకు ఒప్పందం ఒక్కటే చాలదు, దాన్ని అమలు చేయడానికి ఎవరో ఒకరు ఏదైనా చేసి ఉండాలి. క్రోన్యే ఆ ఇద్దరి గదికి వెళ్లాడుగా, అది చాలు. గిబ్స్ 74 కొట్టాడా, సెంచరీ కొట్టాడా అన్నది ఇక అనవసరం. కష్టం ఏమిటంటే ఈ దారిలో వెళ్తే శిక్ష గరిష్ఠంగా ఆరు నెలలు. 420తో కలిపిన కుట్రలో ఏడేళ్లు. పోలీసులు పెద్ద శిక్ష ఉన్న సెక్షన్ వైపే మొగ్గుతారు. చిన్నదైనా నిలబడే అభియోగాన్ని ప్రత్యామ్నాయంగా చేర్చడం ఆ ఫైలుకు మేలు చేసేది.

ఇక సాక్ష్యం సంగతి. నా జూనియర్లు ఎక్కువగా తడబడేది ఇక్కడే.

టేపు చెల్లుతుందా అని అందరూ అడుగుతారు. 1972 నాటి ఆర్.ఎం. మల్కానీ తీర్పు నుంచి టేపు రికార్డింగు సాక్ష్యంగా చెల్లుతూనే ఉంది. గొంతు ఎవరిదో తేలాలి, టేపులో కోతలు అతుకులు ఉండకూడదు, సీలు వేసి భద్రపరచి ఉండాలి. ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి సర్టిఫికెట్ కోరే, అప్పటి సాక్ష్యాధారాల చట్టంలోని 65బి సెక్షన్ అమల్లోకి వచ్చింది 2000 అక్టోబర్ 17న. మార్చిలో రికార్డు చేసిన టేపులకు ఆ సెక్షన్ ఎలా వర్తిస్తుందన్నది వాదించుకోవాల్సిన విషయమే. గొంతు నమూనా ఇవ్వమని నిందితుడిని ఆదేశించే అధికారం మెజిస్ట్రేటుకు ఉందని సుప్రీంకోర్టు తేల్చింది 2019లో, రితేశ్ సిన్హా కేసులో. అప్పటికి క్రోన్యే చనిపోయి పదిహేడేళ్లు. 2002 జూన్ 1న అతను ఎక్కిన సరుకు రవాణా విమానం జార్జ్ పట్టణం దగ్గర కొండను ఢీకొంది. పైలట్లిద్దరితో పాటు అతనూ పోయాడు. వయసు 32. చావు వెనక బుకీలున్నారని ఎన్నో కథలు ప్రచారమయ్యాయి. 2006లో దక్షిణాఫ్రికా కోర్టు విచారణ జరిపి పైలట్ల తప్పిదమే కారణమని తేల్చింది. ఆ కథలను నమ్మేవారు ఆ తీర్పు చదవాలి.

మరి కింగ్ కమిషన్ ముందు క్రోన్యే చెప్పినదాన్ని ఇక్కడ చావ్లాకు వ్యతిరేకంగా వాడొచ్చా? వాడొచ్చని చాలామంది అనుకుంటారు. ఆ సాక్ష్యాధారాల చట్టం సెక్షన్ 10 ప్రకారం కుట్రదారుల్లో ఒకరు కుట్ర నడుస్తుండగా అన్న మాట మిగతావారికీ వర్తిస్తుంది. ఫోన్‌లో అన్నవి ఈ కోవలోకి వస్తాయి. కుట్ర ముగిసి మూడు నెలలయ్యాక కమిషన్‌లో ఏడుస్తూ చెప్పినవి రావు. 1940లో, బ్రిటిష్ కాలపు చివరి అప్పీలు కోర్టు ప్రివీ కౌన్సిల్ మీర్జా అక్బర్ కేసులో గీసిన గీత ఇది, ఇప్పటికీ అదే గీత. సహనిందితుడి ఒప్పుకోలును వాడుకునే సెక్షన్ 30కి ఇద్దరినీ కలిపి విచారిస్తుండాలి. చనిపోయినవాడి మీద కేసే ముగిసిపోతుంది. మిగిలింది సెక్షన్ 32, మూడో క్లాజు: చనిపోయిన మనిషి తనను తాను ప్రాసిక్యూషన్‌కు గురిచేసే మాట చెప్పి ఉంటే అది చెల్లుతుంది. దక్షిణాఫ్రికాలో ప్రాసిక్యూషన్ ఉండదన్న హామీ మీద చెప్పాడు కదా అని డిఫెన్స్ అంటుంది. ఆ హామీ ఢిల్లీకి వర్తించదు, ఇక్కడ అతనిపై కేసు నడుస్తూనే ఉంది అన్నది జవాబు. నేను ప్రాసిక్యూషన్ వైపు ఉంటే దీని మీదే నిలబడతాను. అయినా చావ్లా తరఫున ఎవరూ క్రాస్ ఎగ్జామినేషన్ చేయని ఆ మాటలకు కోర్టు ఎంత బరువు ఇస్తుందన్నది వేరే ప్రశ్న.

కాబట్టి అసలైన సాక్షులు గిబ్స్, విలియమ్స్. గిబ్స్ ఇండియా రావడానికే భయపడి కొన్నేళ్లు పర్యటనలు మానుకున్నాడు. 2006లో ఛాంపియన్స్ ట్రోఫీకి వచ్చినప్పుడు ఢిల్లీ పోలీసులు అతన్ని ప్రశ్నించారు. ఆరేళ్ల తర్వాత! 2000లోనే దక్షిణాఫ్రికాకు లెటర్ రొగేటరీ (విదేశీ కోర్టు సాయం కోరే లేఖ) పంపించి, అక్కడి మెజిస్ట్రేటు ముందు ఈ ఇద్దరి వాంగ్మూలాలు రికార్డు చేయించి ఉంటే కేసు రూపు వేరుగా ఉండేది.

ఛార్జిషీటు 2013 జులైలో దాఖలైంది. లండన్‌లో చావ్లా అరెస్టు 2016లో. తీహార్ జైలు పరిస్థితుల మీద అక్కడి కోర్టుల్లో పెద్ద పోరాటం నడిచింది, మొదట మనం ఓడాం, హైకోర్టులో గెలిచాం. 2020 ఫిబ్రవరిలో అతన్ని ఢిల్లీకి తెచ్చారు, మూడు నెలల లోపే బెయిల్ వచ్చింది. 2024లో నలుగురిపై అభియోగాలు నమోదు చేయాలని కోర్టు ఆదేశించింది. వీరిలో ఎవరిపైనా నేరం ఇంకా రుజువు కాలేదు, చదివేవారు ఇది గుర్తుంచుకోవాలి.

పోలికకు ఇంగ్లండ్‌లోని లార్డ్స్ టెస్టు చూడండి. 2010 ఆగస్టులో పాకిస్తాన్ ఆటగాళ్లు ముందే చెప్పిన బంతులకు మూడు నోబాల్స్ వేశారు. బుకీ వేషంలో వెళ్లింది ఒక పత్రిక రిపోర్టరు, ఇచ్చింది 1,50,000 పౌండ్లు. ఆ నోబాల్స్ మీద పందెం కాసి డబ్బు పోగొట్టుకున్న మనిషిని ప్రాసిక్యూషన్ చూపించనక్కర్లేకపోయింది. మన 420 కింద పెడితే ఆ కేసు నాగ్‌పూర్ కంటే బలహీనం. కానీ బ్రిటన్‌లో 2005 గ్యాంబ్లింగ్ చట్టం 42వ సెక్షన్ ఉంది. పందెం వ్యవహారంలో మోసం చేయడం, మోసానికి వీలు కల్పించడం నేరం. దానివల్ల ఎవరైనా గెలిచారా, గెలిచే అవకాశం పెరిగిందా అన్నది అనవసరమని ఆ సెక్షనే చెబుతుంది. దానికి 1906 నాటి అవినీతి నిరోధక చట్టం తోడైంది. పద్నాలుగు నెలల్లో, 2011 నవంబర్ 3న లండన్‌లోని సదర్క్ క్రౌన్ కోర్టు సల్మాన్ బట్‌కు 30 నెలలు, ఆసిఫ్‌కు ఏడాది, ఆమిర్‌కు ఆరు నెలలు, ఏజెంటు మజహర్ మజీద్‌కు 32 నెలల జైలు విధించింది. అక్కడి పోలీసులు మనవాళ్లకంటే గొప్పవాళ్లని కాదు. వాళ్ల చేతిలో సరైన సెక్షన్ ఉంది.

మన దగ్గర ఆ లోటును బోర్డు నిషేధాలతో పూడ్చాలని చూశారు. సీబీఐ 2000లో క్రికెట్ ఫిక్సింగ్‌పై పెద్ద నివేదికే ఇచ్చింది, కానీ క్రిమినల్ కేసుగా నిలబడదన్న అభిప్రాయానికే వచ్చింది. దాని ఆధారంగా ఆ డిసెంబర్‌లో బీసీసీఐ మన హైదరాబాదీ అజహరుద్దీన్‌పై జీవితకాల నిషేధం వేసింది. 99 టెస్టుల దగ్గర ఆగిపోయిన ఆ కెరీర్ గురించి ఇక్కడ ఇప్పటికీ ఇరానీ చాయ్ ముందు వాదనలు జరుగుతాయి. కాన్పూర్ బుకీని తనకు పరిచయం చేసింది అజహరేనని క్రోన్యే చెప్పాడు, అజహర్ దాన్ని ఖండించాడు. నిషేధంపై అతను వేసిన దావాను సిటీ సివిల్ కోర్టు కొట్టేసింది. అప్పీలులో 2012 నవంబర్ 8న ఆంధ్రప్రదేశ్ హైకోర్టు ఆ నిషేధం చెల్లదని తీర్పిచ్చింది. అభిమానులు దీన్ని గెలుపుగా, వ్యతిరేకులు సాంకేతిక కారణంగా చూస్తారు. నాకు కనిపించేది వేరు. మొదటి రోజే సరైన చట్టం కింద బహిరంగ విచారణ జరిగి ఉంటే దోషో నిర్దోషో తేలిపోయేది. పన్నెండేళ్లు ఒక మనిషి రెండింటి మధ్య వేలాడడం అతనికీ అన్యాయం, ఆట చూసినవాళ్లకీ అన్యాయం.

2013 ఐపీఎల్ కేసులో ఢిల్లీ పోలీసులు మరో దారి పట్టారు. 420తో పాటు వ్యవస్థీకృత నేరాలపై ఉన్న ఎంకోకా చట్టం కూడా పెట్టారు. 2015 జులైలో ప్రత్యేక కోర్టు శ్రీశాంత్‌తో సహా 36 మందిని డిశ్చార్జ్ చేసింది, అంటే అభియోగాల దశలోనే కేసు నుంచి తప్పించింది. కర్ణాటక ప్రీమియర్ లీగ్ కేసులో 2022 జనవరిలో కర్ణాటక హైకోర్టు ఇంకా స్పష్టంగా చెప్పింది: ఫిక్సింగ్ అనైతికం, బోర్డు చర్య తీసుకోవచ్చు, కానీ అది 420 కిందకు రాదు, టికెట్లు ప్రేక్షకులు ఇష్టపూర్వకంగా కొంటారు. ఆ తీర్పు నాకు నచ్చదు. ఆట నిజమైనదన్న నమ్మకంతోనే మనిషి టికెట్ కొంటాడు, ఆ నమ్మకాన్ని ముందే అమ్ముకున్నవాడు అతన్ని మోసం చేసినట్టే. బేరం టికెట్ల అమ్మకానికి ముందే కుదిరిన కేసు వస్తే ఈ వాదనను సుప్రీంకోర్టు దాకా తీసుకెళ్లాలి. కానీ ఉన్న పదాల ప్రకారం చదివితే ఆ జడ్జి తప్పు చదివారని నేను అనలేను.

దక్షిణాఫ్రికా తన గాయం నుంచి చట్టం రాసుకుంది. 2004 నాటి వారి అవినీతి నిరోధక చట్టం 15వ సెక్షన్ క్రీడా పోటీల కోసమే పెట్టారు. దాని కింద 2019లో మాజీ ఆటగాడు గులామ్ బోదీకి ఐదేళ్ల జైలు పడింది. అదే ఏడాది శ్రీలంక పదేళ్ల దాకా శిక్ష ఉన్న చట్టం తెచ్చింది. మన దగ్గర 2013లో క్రీడా మోసాల నిరోధక బిల్లు ముసాయిదా తయారై ఆగిపోయింది. ఫిక్సింగ్‌ను నేరం చేయాలని లా కమిషన్ 2018లో 276వ నివేదికలో సిఫార్సు చేసింది. ఐపీసీ స్థానంలో 2024లో వచ్చిన భారతీయ న్యాయ సంహిత 112వ సెక్షన్‌లో ముఠాగా పందేలు నడపడం చేర్చారు, డబ్బు తీసుకుని ఆడే ఆటగాడి గురించి మాత్రం ఒక్క పదం లేదు. 420 పాత రూపంలోనే 318(4) అయింది.

ఇలాంటి ఫైలు రేపు ఏ జూనియర్ చేతికి వచ్చినా, ప్రాసిక్యూషన్ వైపు ఉంటే మూడు పనులు మొదటి నెలలోనే చేయించాలి. గొంతు నమూనా కోసం కొత్త క్రిమినల్ ప్రొసీజర్ చట్టం బీఎన్ఎస్ఎస్ 349 కింద పిటిషన్, రికార్డింగుకు కొత్త సాక్ష్య చట్టం 63వ సెక్షన్ సర్టిఫికెట్, బేరానికి ఒప్పుకున్న ఆటగాడిని అప్రూవర్‌గా (క్షమాపణ పొంది సాక్షిగా మారిన నిందితుడిగా) మార్చి మెజిస్ట్రేటు ముందు వాంగ్మూలం. న్యాయ సంహిత 318తో పాటు 61వ సెక్షన్ కుట్రలోని చిన్న అభియోగాన్ని కూడా విడిగా రాయించాలి, కాంట్రాక్టు కాపీ ఛార్జిషీటుకు జత చేయాలి. డిఫెన్స్ వైపు ఉంటే చేయాల్సింది ఒక్కటే: అభియోగాల దశలోనే, మోసపోయినవారి పేరు ఛార్జిషీటులో ఏ పేజీలో ఉందో చూపించమని అడగాలి.